అండమాన్ ప్యాకేజీలు అమ్మే తెలుగు టూర్ ఆపరేటర్లకు ఒక డ్రైవరు బహిరంగ లేఖ

అయ్యా, అమ్మా,

హైదరాబాదు, విజయవాడ, విశాఖ, రాజమండ్రి... ఆఫీసు ఏ ఊళ్లో ఉన్నా, మీరు అమ్మిన అండమాన్ ప్యాకేజీ చివరికి వచ్చి వాలేది మాలాంటి డ్రైవర్ల మీదే. నేను పోర్ట్‌బ్లెయిర్‌లో టెంపో ట్రావెలర్ నడుపుతాను. మా తాత శ్రీకాకుళం జిల్లా నుంచి కూలికని ఓడెక్కి వచ్చి ఇక్కడే ఉండిపోయాడు. నేను పుట్టిందీ పెరిగిందీ ఇక్కడే. 2024 సెప్టెంబరులో మా ఊరి పేరు శ్రీ విజయపురం అయింది గానీ, మీ బ్రోచర్లలోనూ మా నోళ్లలోనూ ఇంకా పాత పేరే నడుస్తోంది కాబట్టి ఈ ఉత్తరంలో దాన్నే వాడుతున్నాను.

మీరు పంపే జనంతోనే మా ఇళ్లు గడుస్తున్నాయి. ఆ సంగతి మరిచిపోయి రాయడం లేదు. అయినా సీజను మొదలయ్యేలోగా ఒక మాట మీ చెవిన వెయ్యాలి. మీరు ప్లాను వేసేటప్పుడు ముందు విమానం టికెట్లు చూస్తారు. ఏ రోజు చవగ్గా దొరికితే ఆ రోజుకి రాకపోకలు ఖాయం చేసేస్తారు. ఆ రెండు తేదీల మధ్యన హేవ్‌లాక్, నీల్ దీవులు, రాస్, నార్త్ బే, బారటాంగ్ అన్నిటినీ కుక్కుతారు. ఇక్కడ ప్లాను అలా మొదలుపెడితే కుదరదు. ముందు సముద్రం ఎలా ఉంటుందో చూసుకోవాలి. తర్వాత బారటాంగ్ పోయే రోడ్డు మీద గేటు ఎప్పుడు తీస్తారో చూసుకోవాలి. విమానం సంగతి ఆఖర్న. ఆ మూడింటి మధ్యా ఒక రోజు ఖాళీగా వదలాలి. నేను అడిగేది ఆ ఒక్క రోజే. ఎందుకో చెబుతాను.

మీ ప్యాకేజీల్లో నన్ను అన్నిటికంటే భయపెట్టేది చివరి రోజు. "ఉదయం నీల్ నుంచి బోటులో పోర్ట్‌బ్లెయిర్ చేరిక, మధ్యాహ్నం విమానంలో తిరుగు ప్రయాణం" అని ఒక్క లైనులో రాసేస్తారు. కాగితం మీద చూస్తే మధ్యలో మూడు గంటలు కనిపిస్తాయి. గాలి లేని రోజున అవి సరిపోతాయి కూడా. జెట్టీ నుంచి ఎయిర్‌పోర్టుకి పెద్ద దూరం లేదు, మాది చిన్న ఊరు. అందుకే మీకు అంత ధైర్యం.

ఓ నవంబరులో నేను హడ్డో జెట్టీ దగ్గర బండి ఆపుకుని, నీల్ నుంచి రావలసిన కుటుంబం కోసం ఎదురుచూస్తున్నాను. బోటు వచ్చే వేళ దాటిపోయింది. గేటు దగ్గర ఉన్నతను నన్ను చూసి, లేదన్నట్టు చెయ్యి ఊపాడు. అక్కడ నీల్ జెట్టీలో వాళ్లు సూట్‌కేసుల మీద కూర్చుని ఉన్నారు. వాళ్లకి ఇంకా ఎవరూ ఏమీ చెప్పలేదు. బుకింగు చేసిన ఆపరేటరు ఆంధ్రా నుంచి నాకు ఫోను చేశాడు. "తమ్ముడూ, ఇంకో బోటు చూడు, డబ్బు సంగతి వదిలెయ్" అన్నాడు. బోటంటూ ఉంటే కదా! స్పీడ్ బోటు మాట్లాడమన్నాడు. ఫెర్రీలనే ఆపేసిన సముద్రంలోకి స్పీడ్ బోటు ఎవడు తీస్తాడు, తీస్తే ఎవరు ఎక్కుతారు? అయితే హెలికాప్టరు అడుగు అన్నాడు.

ఈ హెలికాప్టరు మాట మీలో చాలామంది అంటారు కాబట్టి ఇక్కడే చెప్పేస్తాను. దీవుల మధ్య తిరిగే హెలికాప్టరు ఉంది. అందులో సీట్లు కొన్నే. ముందు రోగులు, తర్వాత ఇక్కడి జనం, ఏమైనా మిగిలితే అప్పుడు యాత్రికులు. సామాను అయిదు కిలోలు దాటకూడదు. మీ గెస్టుల ఒక్కో ట్రాలీ బ్యాగే ఇరవై కిలోలుంటుంది. పైగా బోట్లు ఆగిపోయేంత గాలీ వానా ఉన్న రోజున అదెలా ఎగురుతుందనుకున్నారు? సీప్లేను కూడా అడుగుతుంటారు. 2010 డిసెంబరు చివర్లో జల్‌హంస్ అని ఎనిమిది సీట్ల సీప్లేను మొదలుపెట్టిన మాట నిజమే. కొన్నేళ్లకే అది ఆగిపోయింది. దాని ఫొటో మాత్రం కొన్ని బ్రోచర్లలో ఇప్పటికీ ఎగురుతూనే ఉంది.

ఆ కుటుంబానికి మర్నాడు కూడా బోటు దొరకలేదు. విమానం టికెట్ల డబ్బు పోయింది, కొత్తవి అయినకాడికి కొనుక్కున్నారు. పిల్లవాడికి పరీక్ష తప్పింది. వాళ్లని ఎయిర్‌పోర్టులో దింపుతుంటే ఇంటాయన నన్నేమీ అనలేదు. "ఇలా కూడా అవుతుందని ముందే ఎవరైనా చెబితే ఒక రోజు సెలవు ఎక్కువ పెట్టుకునేవాణ్ణి కదా బాబూ" అన్నాడు. నిజానికి అది మీకు చేరాల్సిన మాట. మీ ఆఫీసు వరకూ వచ్చి చెప్పే ఓపిక ఆయనకి ఉంటుందనుకోను. అందుకే నేను చేరవేస్తున్నాను.

గాలి లేచినప్పుడు ముందు చిన్న పడవలు ఆపుతారు. తర్వాత ప్రైవేటు ఫెర్రీలు. మరీ ముదిరితే ప్రభుత్వ ఓడలు కూడా కదలవు. ఈ ఆపడంలో ఎవరి పలుకుబడీ పనిచెయ్యదు, పనిచెయ్యకూడదు కూడా. 2014 జనవరి 26న పోర్ట్‌బ్లెయిర్ పక్కనే, రాస్, నార్త్ బేల చుట్టూ యాత్రికుల్ని తిప్పే పడవ మునిగి 21 మంది పోయారు. ఎక్కాల్సినవాళ్ల కంటే చాలా ఎక్కువమందిని ఎక్కించుకుంది ఆ పడవ. ఆ రోజు ఈ ఊళ్లో ఉన్నవాళ్లెవరూ "ఇంకో ఇద్దరే కదా, సర్దెయ్" అనే మాటని తేలిగ్గా తీసుకోలేరు. లైఫ్ జాకెట్లు లెక్కపెట్టే కుర్రాడి మీద మీ గెస్టు విసుక్కుంటే, అతని తరఫున మాట్లాడాల్సింది మీరే.

తుఫాను సంగతి మీకు వేరే చెప్పక్కర్లేదు, మీలో చాలామంది కోస్తావాళ్లే. కానీ మీకంటే ముందు దాన్ని చూసేది మేము. విశాఖని హుద్‌హుద్ కొట్టింది 2014 అక్టోబరు 12న. దానికి నాలుగు రోజుల ముందు, 8వ తేదీన, అది మా లాంగ్ ఐలాండ్ మీదుగా దాటింది. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా బంగాళాఖాతంలో పుట్టే వాయుగుండాలు చాలావరకు మా చుట్టుపక్కల పుట్టినవో, మా మీదుగా పోయేవో. దసరా సెలవులు, దీపావళి, క్రిస్మస్ — మీరు ఎక్కువ గ్రూపుల్ని పంపే రోజులూ సరిగ్గా అవే. 2016 డిసెంబరులో వెయ్యిమందికి పైగా యాత్రికులు హేవ్‌లాక్‌లో ఇరుక్కుపోతే నౌకాదళం ఓడలు వెళ్లి తీసుకురావలసి వచ్చింది. ఇక నైరుతి రుతుపవనాలంటారా, కేరళ కంటే ముందే, మే నెల మూడో వారానికల్లా ఇక్కడికి దిగుతాయి. జూన్, జూలై ఆఫర్లు అమ్ముకోండి, వద్దనను. వానలో దీవులు ఇంకా పచ్చగా ఉంటాయి, గదులూ చవక. కానీ "బోటు ఆగొచ్చు" అన్న ముక్క చిన్న అక్షరాల్లో అడుగున కాకుండా, ధర పక్కనే అదే సైజులో వెయ్యండి.

బోటు ఒక రోజు ఆగితే దాని దెబ్బ ఆ ఒక్క రోజుతో పోదు. ఇది బయటివాళ్లకి తట్టదు. సోమవారం ఆగిన జనం మంగళవారం బోటెక్కాలి. మంగళవారానికి టికెట్లు కొనుక్కున్నవాళ్లు మంగళవారం జెట్టీకి వస్తారు. ఆసుపత్రికి పోవాల్సిన బాలింత, కాలేజీ పిల్లలు, డ్యూటీలో చేరాల్సిన టీచరు, కూరగాయల బుట్టలు, అందరూ ఆ క్యూలోనే. మీ ఊళ్లో ఆర్టీసీ బస్సు ఎలాగో మాకు ఓడ అలాగ. స్థానికులకి ఐలాండర్ కార్డు మీద టికెట్టు తక్కువకి ఇస్తారు, సీట్లలో ముందు చూస్తారు. దానికి మీ గెస్టులు కొందరు "మేం వేలు పోసి వచ్చాం, వీళ్లకి ముందేంటి" అంటారు. హేవ్‌లాక్‌లో గెస్టుకి బీచి ఉంది, రిసార్టు ఉంది. అక్కడే ఉండే మనిషికి పెద్ద డాక్టరు కావాలంటే ఆ బోటు తప్ప ఇంకో దారి లేదు. ఇది మేము క్యూలో నిలబడి నచ్చజెప్పే విషయం కాదు. బుకింగు రోజునే మీరు చెప్పి పంపాలి.

విమానం వైపు మాత్రం పనులు జోరుగానే జరిగాయి. 2023 జూలైలో కొత్త టెర్మినల్ ప్రారంభమైంది, ఏడాదికి 50 లక్షల మందికి సరిపోతుందని కట్టారు. అద్దాలు, ఎత్తయిన కప్పు, చూడముచ్చటగా ఉంది. రన్‌వే నౌకాదళం చేతుల్లో ఉంటుంది, వాళ్ల పనులు వాళ్లకి ముందు. పెద్ద వానలో దిగడం కుదరక విమానం వెనక్కి చెన్నైకో కోల్‌కతాకో పోవడం కూడా ఉంది. మధ్యలో దింపడానికి ఇంకో ఊరు లేదు కదా, చుట్టూ నీళ్లే. అంటే మొదటి రోజు కూడా మీ చేతిలో పూర్తిగా లేదు. దిగిన గంటలోనే హేవ్‌లాక్ ఫెర్రీ ఎక్కించే ప్లాన్లు ఈమధ్య కొత్తగా చూస్తున్నాను. విమానం నలభై నిమిషాలు లేటయితే ఆ ఫెర్రీ వెళ్లిపోతుంది. అది ఎవరి కోసమూ ఆగదు. ఆ తర్వాతి బోటులో సీట్లుండవు, హేవ్‌లాక్‌లో కట్టిన గది అద్దె వెనక్కి రాదు.

ఇంకొకటి, వెలుతురు. మేము ఎక్కడో తూర్పున ఉన్నాం గానీ గడియారం మాత్రం మీదే. డిసెంబరులో సాయంత్రం అయిదు దాటగానే పొద్దు కుంకుతుంది. "సాయంత్రం 6 గంటలకు చిడియా టాపు సూర్యాస్తమయం" అని రాసిన కాగితాన్ని గెస్టు నా ముందు పెడితే నేనేం చెయ్యను? పోయిన సూర్యుణ్ణి వెనక్కి తెమ్మంటారా? ఇక్కడ రోజు తెల్లవారుజామునే మొదలుపెట్టాలి. అయిదు, అయిదున్నరకల్లా తెల్లగా ఉంటుంది. హోటల్లో ఎనిమిదింటికి టిఫిన్, తొమ్మిదింటికి బయల్దేరడం అనే మెయిన్‌ల్యాండ్ లెక్క పెట్టుకుంటే సగం రోజు గదిలోనే పోతుంది.

ఇప్పుడు బారటాంగ్, సున్నపురాతి గుహలున్న దీవి. దీని గురించి కొంచెం తీరిగ్గా చెప్పాలి.

పోర్ట్‌బ్లెయిర్ నుంచి డిగ్లీపూర్ దాకా సుమారు 330 కిలోమీటర్ల ట్రంక్ రోడ్డు ఉంది. మేము ఏటీఆర్ అంటాం, కాగితాల మీద జాతీయ రహదారి 4. పొడుగునా ఒకటే రోడ్డు. దక్షిణ అండమాన్‌లో జిర్కాటాంగ్ చెక్‌పోస్టు దాటాక అది జారవాలనే ఆదిమ తెగవాళ్ల రిజర్వు అడవిలోకి పోతుంది. అక్కడి నుంచి మిడిల్ స్ట్రెయిట్ అనే సముద్రపు పాయ దాకా కాన్వాయ్‌లోనే వెళ్లాలి. ముందొక పోలీసు బండి, వెనకొక పోలీసు బండి, మధ్యలో మేమంతా. రోజుకి కొన్నే కాన్వాయ్‌లు, మొదటిది పొద్దున ఆరింటికి. దాన్ని అందుకోవాలంటే మూడు, మూడున్నరకి హోటలు దగ్గర బండి ఎక్కాలి. మీ కాగితంలో "తెల్లవారుజామున బయలుదేరి" అని ఉంటుంది. గెస్టు అయిదింటికి అనుకుంటాడు. రాత్రి పదకొండుకి ఫోను చేసి నేను మూడింటికి రమ్మంటే, నేనేదో సొంత తెలివి చూపిస్తున్నానని మీకు కంప్లయింటు పెడతాడు.

జిర్కాటాంగ్ చేరేసరికి ఇంకా చీకటే. బళ్లు వరసకట్టి ఉంటాయి. డ్రైవర్లం ఫారాలు పట్టుకుని పరిగెడతాం. బండిలో ఎంతమంది, పేర్లు, గుర్తింపు కార్డు నంబర్లు అన్నీ రాసి ఇవ్వాలి. ఒకాయన ఆధార్ హోటల్లో వదిలేసి వస్తాడు. ఫోన్లో ఫొటో ఉందంటాడు, సిగ్నలు చూస్తే ఉండదు. పిల్లలు సీట్లలో ముడుచుకుని పడుకుని ఉంటారు, పెద్దవాళ్లు ఆ పక్క కొట్లలో వేడి వేడి టీ, ఇడ్లీ తింటుంటారు. గేటు తీశాక ఇంకెవరి చేతుల్లోనూ ఏమీ లేదు. 40 కిలోమీటర్ల వేగం దాటకూడదు, ముందు బండిని దాటకూడదు, ఆపకూడదు, కెమెరా తీయకూడదు.

అక్కడే నాకూ మీకూ తేడా వస్తోంది. మీలో కొందరు బ్రోచర్లో "దారిలో ఆదిమవాసులను చూసే అవకాశం" అని వేస్తున్నారు. కొందరు వెయ్యరు గానీ ఫోన్లో చెబుతారు. ఆ మాట నమ్మి వచ్చినవాళ్లు బండెక్కిన దగ్గర్నుంచి కిటికీకి అతుక్కుపోతారు. రోడ్డు పక్కన మనుషులు కనబడితే బిస్కెట్ పొట్లం బయటికి తీస్తారు. "కొంచెం స్లో చెయ్యి తమ్ముడూ" అంటారు. నేను స్లో చెయ్యను. చేస్తే నా లైసెన్సు పోతుంది, కేసవుతుంది. 1956 నాటి ఆదిమ తెగల రక్షణ నిబంధనల్ని 2012లో ఇంకా గట్టి చేశారు, ఫొటోలకీ వీడియోలకీ జైలు దాకా ఉంది. అయితే నేను ఆపకపోవడానికి కేసు భయమే కారణమని అనుకోకండి. జారవాలు మొత్తం కొన్ని వందలమంది. బయటి జనంతో వాళ్లు కలవడం మొదలైందే 1990ల చివర్లో. 1999లో వాళ్లలో తట్టు పాకింది. మనకి జలుబు అనిపించేది వాళ్లకి ఏమవుతుందో మనకి తెలియదు. వాళ్ల అడవిలోంచి వాళ్ల అనుమతి లేకుండా మనం రోజూ బస్సులేసుకుని పోతున్నాం. ఆ పైన వాళ్లని చూపిస్తామని డబ్బు తీసుకోవడమా?

ఆ రోడ్డు రిజర్వు గుండా పోయే భాగాన్ని మూసెయ్యమని సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. 2012 మొదట్లో జారవా ఆడపిల్లల్ని ఆడించిన వీడియో బయటపడి ప్రపంచమంతా ఛీ అన్నది మీకు గుర్తుండే ఉంటుంది. 2013లో కొన్ని వారాలపాటు యాత్రికుల బళ్లని కోర్టే ఆపించింది. అయినా రోడ్డు నడుస్తోంది. ఉత్తర, మధ్య అండమాన్ జిల్లాలో 2011 లెక్కల ప్రకారమే లక్ష పైచిలుకు జనం ఉన్నారు. రంగత్, మాయాబందర్, డిగ్లీపూర్ వాళ్లు పోర్ట్‌బ్లెయిర్ ఆసుపత్రికి రావాలంటే వాళ్లకి ఓడ, లేకపోతే ఈ రోడ్డు. వాళ్ల ప్రయాణానికీ, రెండు గంటలు గుహ చూసి వచ్చే మన సరదాకీ ఒకే కాన్వాయ్. నన్నడిగితే సరదాకి పోయే బళ్లు తగ్గాలంటాను. అలా అంటే నా పొట్ట నేనే కొట్టుకున్నట్టని మా స్టాండులో నన్ను తిట్టేవాళ్లున్నారు. సరే, అది మా గొడవ. మీరు మాత్రం ఆ ఒక్క వాక్యం తీసెయ్యండి. గుహల కోసం పంపితే గుహల పేరు చెప్పి పంపండి.

మిడిల్ స్ట్రెయిట్ దగ్గర బండి దిగి, వెహికల్ ఫెర్రీలో అవతలికి దాటాలి. బస్సులు, లారీలు, అంబులెన్సు, మనుషులు, అన్నీ ఆ ఒక్క పంటు మీదే. అంబులెన్సు వస్తే మిగతావాళ్లం పక్కకి తప్పుకుంటాం. ఇంకా ముందుకెళ్తే బారటాంగ్‌కీ మధ్య అండమాన్‌కీ మధ్యన హంఫ్రీ స్ట్రెయిట్ మీద ఆజాద్ హింద్ ఫౌజ్ సేతు వచ్చింది, సుమారు కిలోమీటరున్నర వంతెన. దాంతో ఉత్తరానికి పోయేవాళ్లకి ఒక పంటు బాధ తప్పింది. మిడిల్ స్ట్రెయిట్ దగ్గర మాత్రం పంటు మీదే. అవతల దిగాక మడ అడవుల మధ్య పాయలో చిన్న బోటు, అది దిగాక కిలోమీటరు పైచిలుకు నడక, కొంత బురద, కొంత రాళ్లు. అప్పుడు సున్నపురాతి గుహలు. చూడదగ్గవే. వాటికంటే ఆ పాయలో బోటు ప్రయాణమే నాకు ఇష్టం. కానీ మధ్యాహ్నం చివరి కాన్వాయ్ తప్పిపోతే ఆ రాత్రికి అవతలే. అందుకని గుహ దగ్గర అందర్నీ తరుముతూనే ఉండాలి.

మోకాళ్ల నొప్పులున్న డెబ్భై ఏళ్ల పెద్దమ్మని మూడింటికి లేపి, బండిలో మూడు గంటలు, పంటు, బోటు, బురదలో నడక, మళ్లీ అదంతా వెనక్కి. మర్నాడు పొద్దున్నే హేవ్‌లాక్ బోటు. ఇలాంటి ప్లాన్లు నాకు ప్రతి సీజన్లోనూ వస్తాయి. "అన్నీ కవర్ చేశాం" అని మీరు చెప్పుకోవచ్చు. ఆవిడకి మాత్రం మా దీవుల్లో గుర్తుండేది వాంతులు. సముద్రం మీద కడుపులో తిప్పే మనిషికి మాత్ర ఎక్కేముందు వెయ్యాలి, వాంతి మొదలయ్యాక వేసి లాభం లేదు. కనీసం ఆ ఒక్క ముక్క బుకింగు కాగితంలో రాయొచ్చు కదా.

పేర్లూ ఫొటోల సంగతి త్వరగా చెప్పి వదిలేస్తాను. "అండమాన్ నికోబార్ టూర్" అని అమ్ముతారు. మీ గెస్టులెవరూ నికోబార్ ముఖం చూడరు. టెన్ డిగ్రీ ఛానల్ దాటి ఆ దక్షిణాన ఉన్నవి చాలావరకు గిరిజనుల రక్షిత దీవులు, పాస్ లేకుండా అడుగు పెట్టనివ్వరు. అండమాన్ అని రాయండి చాలు. రెండు ఇసుక దీవుల మధ్యన తెల్లటి దారి ఉన్న ఫొటో వేసి కింద "రాస్ ఐలాండ్" అంటారు. అది డిగ్లీపూర్ దగ్గరి రాస్-స్మిత్. మీరు చూపించేది పోర్ట్‌బ్లెయిర్ ఎదురుగా, బ్రిటిష్ వాళ్ల శిథిలాలున్న రాస్. 2018 డిసెంబరులో దాని పేరు నేతాజీ సుభాష్ చంద్రబోస్ ద్వీప్ అయింది. హేవ్‌లాక్ స్వరాజ్ ద్వీప్, నీల్ షహీద్ ద్వీప్ అయ్యాయి. టికెట్ల మీద కొత్త పేర్లుంటాయి, మీ వోచర్ల మీద పాతవి. జెట్టీలో పెద్దవాళ్లు కంగారుపడుతుంటారు, తప్పు బోటు ఎక్కించానేమోనని నన్ను నిలదీస్తారు. రెండు పేర్లూ పక్కపక్కన రాయడానికి మీకు ఖర్చేమీ లేదు.

డిగ్లీపూర్‌ని ప్యాకేజీలో కలపమని అడుగుతున్నారని ఈమధ్య ఒకరిద్దరు ఫోను చేశారు. సంతోషం. అక్కడ అండమాన్‌లోకెల్లా ఎత్తయిన శాడిల్ పీక్ ఉంది, 732 మీటర్లు. కాలీపూర్ ఒడ్డుకి గుడ్లు పెట్టడానికి తాబేళ్లొస్తాయి. జనం రద్దీ లేదు. కానీ రోడ్డు మీద పొద్దున చీకట్లో బయల్దేరితే చేరేసరికి సాయంత్రం. వెళ్లడానికో రోజు, రావడానికో రోజు, అక్కడ కనీసం రెండు రాత్రులు పెట్టగలిగితేనే కలపండి. ఇప్పుడున్న ఆరు రోజుల్లోనే ఇంకో రోజు దానికీ లాగుతానంటే నేను రాను, ముందే చెబుతున్నాను.

విశాఖ నుంచి ఓడలో రావడం గురించి కూడా అడుగుతుంటారు. మా తాతలు వచ్చిన దారి కాబట్టి నాకు ఆ ప్రయాణమంటే ముచ్చటే. మెయిన్‌ల్యాండ్‌కి తిరిగే ఎంవీ స్వరాజ్‌ద్వీప్ తయారైందే విశాఖ హిందుస్థాన్ షిప్‌యార్డులో. (హేవ్‌లాక్ కొత్త పేరు ఓడకెందుకని గెస్టులు అడిగితే, హేవ్‌లాక్‌కి ఆ పేరు రాకముందు నుంచే ఓడకి ఉందని చెప్పండి.) దూరం సుమారు 1200 కిలోమీటర్లు, సముద్రం మీద రెండున్నర మూడు రోజులు. చెన్నై, కోల్‌కతాల నుంచి నెలకి కొన్నిసార్లు తిరుగుతాయి గానీ విశాఖ నుంచి చాలా అరుదు. తేదీలు ఎంతో ముందుగా తెలియవు, తెలిశాక మారవచ్చు. తీరిక ఉన్నవాళ్లకి, రిటైరైనవాళ్లకి, ఒక వైపు ఓడ, ఒక వైపు విమానం అని పెట్టి అమ్మండి. బంకు క్లాసు ఎలా ఉంటుందో, క్యాబిన్ ఎలా ఉంటుందో నిజం చెప్పి అమ్మండి. బంకులో వందమంది మధ్యన పడుకుని, ఓడలో పెట్టిన పప్పన్నం తిని, మూడో రోజు పొద్దున దీవుల పచ్చదనం కనబడగానే డెక్కు మీదికి పరిగెత్తే మనిషికి ఈ చోటు విలువ తెలుస్తుంది. ఉద్యోగానికి సోమవారం వెళ్లాల్సిన వాడికి మాత్రం వద్దు.

ఇంతకీ ఖాళీ రోజు పెడితే గెస్టు ఊరుకోడని, పక్క ఆపరేటరు అయిదు రోజుల్లో ఆరు చోట్లు చూపిస్తున్నాడని మీరంటారు. నాకు తెలుసు, పోటీ ఉంది. అయితే ఆ రోజుని ఖాళీ అని రాయకండి. చివరి రాత్రి, చివరి రోజు పోర్ట్‌బ్లెయిర్‌లో ఉంచండి. ప్లాను సవ్యంగా నడిస్తే ఆ రోజున చూడటానికి ఇక్కడ బోలెడు ఉన్నాయి. సెల్యులార్ జైలుని మీరు మొదటి రోజు సాయంత్రం గంటలో ముగించేస్తారు. అది సగం రోజు పట్టే చోటు. ఛాతమ్ రంపపు మిల్లు ఉంది. ఛాతమ్ నుంచి బాంబూ ఫ్లాట్‌కి వెళ్లే ఫెర్రీ ఉంది. స్కూటర్లు, కూరగాయలవాళ్లు, బడిపిల్లలతో పాటు ఆ ఫెర్రీ ఎక్కి వెళ్లి రావడానికి పెద్ద ఖర్చూ అవదు. 1872లో వైస్రాయి లార్డ్ మేయోని షేర్ అలీ పొడిచి చంపిన హోప్‌టౌన్ ఆ ఒడ్డునే. ప్లాను తప్పితే ఆ రోజు బోటు కోసం ఉంటుంది. విమానం తప్పిపోదు. మీరు తిరిగి ఇవ్వాల్సిన డబ్బూ ఉండదు, నేను తినాల్సిన తిట్లూ ఉండవు.

బోటు ఆగితే ఎవరు ఏం భరించాలో కూడా ముందే కాగితం మీద పెట్టండి. ఫెర్రీ రద్దయితే టికెట్టు డబ్బు వస్తుంది, గది అద్దె రావచ్చు రాకపోవచ్చు, విమానం డబ్బు రాదు. ఆ మూడో లైను చదివిన గెస్టు ఖాళీ రోజు తనే అడుగుతాడు, మీరు ఒప్పించాల్సిన పని లేదు.

ఇక్కడ జనాభాలో నూటికి 13 మంది ఇంట్లో తెలుగే మాట్లాడతారని 2011 లెక్కలు చెబుతున్నాయి. జెట్టీలో, ఫెర్రీ కౌంటర్లో, హోటల్లో, చేపల మార్కెట్లో మీకు తెలుగు మనిషి దొరకకుండా ఉండడు. సముద్రం ఎలా ఉందో, పంటు నడుస్తోందో లేదో, పొద్దున ఒక్క ఫోను చేస్తే చెబుతారు. మీరు యాప్‌లో వాతావరణం చూసి నాతో వాదించడం కంటే అది నయం.

కొత్త సీజను ప్లాన్లు అచ్చుకి ఇచ్చేముందు మీతో పనిచేసే డ్రైవరుకి వాట్సాప్‌లో ఒకసారి పంపండి. ఏ రోజు బిగుసుకుపోయిందో, ఏ కాన్వాయ్ అందదో, ఏ బోటు వెనక ఏ విమానం పెట్టకూడదో గుర్తుపెట్టి వెనక్కి పంపుతాం. దానికి మేమేమీ అడగం. సెప్టెంబరు లోపు పంపితే మంచిది. ఆ తర్వాత మేమూ రోడ్డు మీదే ఉంటాం, ఫోను తియ్యడానికి తీరదు.

ఇట్లు,
పోర్ట్‌బ్లెయిర్ టాక్సీ స్టాండు నుంచి
ఒక తెలుగు డ్రైవరు